లైసెన్సు ఎవరి రక్షణ కోసం?

వేశ్యాగృహాలకి లైసెన్సులిచ్చి, డాక్టరు పరీక్షలు పెడితే అక్కడి ఆడవాళ్ళకి రక్షణ ఉంటుందని చాలామంది అంటుంటారు. ఇదేమీ కొత్త ఆలోచన కాదండీ, ఇక్కడ ఒకసారి చేసి చూసిందే.

మా నెల్లూరు తీరం వాళ్ళకి ఒకప్పుడు పట్నం అంటే మద్రాసే. అలాంటి రేవు పట్నాల్లో అమలు చెయ్యడానికి బ్రిటిషు ప్రభుత్వం 1868లో అంటువ్యాధుల చట్టం తెచ్చింది. వేశ్యలు పేరు నమోదు చేయించుకోవాలి, పరీక్షలకి వెళ్ళాలి, సుఖవ్యాధి ఉంటే 'లాక్ హాస్పిటల్'లో ఉండిపోవాలి. తప్పించుకుంటే శిక్ష. వచ్చే మగవాడికి మాత్రం ఆ చట్టంలో ఏ పరీక్షా లేదు! మా సాఫ్ట్‌వేర్ భాషలో చెప్పాలంటే ఆ చట్టానికి క్లయింటు తెల్ల సైనికుడు, నావికుడు. జోసెఫిన్ బట్లర్ లాంటివాళ్ళు ఇంగ్లండులో పోరాడితే 1888లో ఇక్కడ రద్దయింది.

స్వతంత్రం వచ్చాక 1956లో చేసిన చట్టం ఇంకో రకం. వృత్తి నేరం కాదంటుంది. కానీ ఇద్దరు కలిసి ఒకే ఇంట్లో చేసుకుంటే అది 'బ్రోతల్' అయిపోతుంది. అంటే పక్కన తోడు పెట్టుకోవడమే నేరమన్నమాట!

న్యూజిలాండ్ 2003లో నలుగురిదాకా లైసెన్సు లేకుండా కలిసి పనిచేసుకోనిచ్చింది. యజమాని నడిపితే లైసెన్సు యజమానికి, పని హక్కులు ఆమెకి. 2014లో అక్కడ ఒక సెక్స్ వర్కర్ తన యజమాని మీద లైంగిక వేధింపుల కేసు గెలిచి 25,000 డాలర్ల పరిహారం తీసుకుంది.

మన సుప్రీంకోర్టు కూడా 2022లో వీళ్ళతో పోలీసులు గౌరవంగా మసలాలని చెప్పింది. ఆమె భయం లేకుండా స్టేషన్ మెట్లెక్కగలిగితేనే ఏ లైసెన్సయినా రక్షణ. లేకపోతే మళ్ళీ 1868 రిజిస్టరే!