సర్పగంధి: వేరు తవ్వితే మిగలని మొక్క

సర్పగంధి మోకాలెత్తు మొక్క. గన్నేరు, బిళ్ళగన్నేరు ఉన్న కుటుంబమే దీనిదీ. కణుపుకు మూడేసి ఆకులు, ఎర్రటి కాడల మీద తెల్లని పూల గుత్తులు, పండితే నల్లగా నిగనిగలాడే చిన్న కాయలు. పెద్ద చెట్ల నీడన, చెమ్మ నిలిచే నేలలో పెరుగుతుంది. తెలియనివారు పక్కనుంచి నడిచిపోయినా దాన్ని గుర్తించరు. దాని విలువంతా నేలలోపల ఉంది. మెలికలు తిరిగి, ముడతలు పడి, నాలుక మీద పెడితే చేదెక్కే ఆ వేరు కోసమే మనుషులు శతాబ్దాలుగా దాన్ని వెతుకుతున్నారు. తెలుగులో దీనికున్న మరో పేరు పాతాళగంధి. చూపంతా భూమి లోపలికే పెట్టి పెట్టిన పేరులా ఉంటుంది.

మందు వేరులో ఉండడమే ఈ మొక్క చరిత్రను నడిపించింది. ఆకు కోస్తే కొమ్మ మళ్ళీ చిగురిస్తుంది. కాయ కోస్తే మరుసటి ఏడు చెట్టు మళ్ళీ కాస్తుంది. వేరు తవ్వితే మొక్క పోతుంది. తవ్వింది గింజ రాలకముందే అయితే దాని సంతానమూ అక్కడితో ఆగిపోతుంది.

పాముకాటుకు, జ్వరానికి, కడుపునొప్పికి, నిద్రపట్టనివారికి ఈ వేరు వాడడం దేశంలో చాలాచోట్ల పాత అలవాటు. నాగుపాముతో తలపడే ముందు ముంగిస ఈ మొక్కను తింటుందన్న కథ తూర్పు ఇండీస్ దాకా పాకింది. డచ్చి కంపెనీ కొలువులో ఉన్న జర్మన్ వృక్షశాస్త్రజ్ఞుడు రుంఫియస్ అంబోయినా మొక్కల గురించి రాసిన గ్రంథంలోనూ దాన్ని చెప్పాడు. పాముకాటుకు ఈ వేరు పనిచేస్తుందనడానికి తర్వాతి పరీక్షల్లో ఆధారం దొరకలేదు. బీహారు పల్లెల్లో మాత్రం దీనికి ఇంకో పేరుండేది: పాగల్ కీ దవా, పిచ్చికి మందు. అరుపులు, ఆవేశం ఎక్కువైన రోగికి ఈ వేరు పొడి ఇచ్చి నిద్రపుచ్చేవారు. ఆధునిక వైద్యం చివరికి తీసుకున్నది ఈ రెండో జ్ఞానాన్నే.

శాస్త్రీయనామం వెనక కథ విచిత్రమైనది. జర్మనీలోని ఆగ్స్‌బర్గ్ వైద్యుడు లెయోన్‌హార్డ్ రావుల్ఫ్ 1573 నుంచి 1576 వరకు పశ్చిమాసియాలో మూలికలు వెతుకుతూ తిరిగాడు. ఆయన భారతదేశానికి రానేలేదు, ఈ మొక్కను చూడనూ లేదు. ఆయన చనిపోయిన శతాబ్దం తర్వాత, 1703లో, ఫ్రెంచి వృక్షశాస్త్రజ్ఞుడు ప్లూమియే ఒక అమెరికా మొక్కల ప్రజాతికి గౌరవార్థం ఆయన పేరు పెట్టాడు. సర్పగంధి తర్వాత ఆ ప్రజాతిలో చేరి రావుల్ఫియా సర్పెంటినా అయింది. దీన్ని శతాబ్దాలుగా గుర్తుపట్టి, తవ్వి, ఎండబెట్టి, వాడిన వాళ్ళ పేరు ఒక్కటీ ఏ పుస్తకంలోనూ లేదు.

వేరు ప్రయోగశాలకు చేరిన ఏడాది 1931. ఢిల్లీలోని ఆయుర్వేద, యునానీ తిబ్బి కళాశాలలో సలీముజ్జమాన్ సిద్దిఖీ, రఫత్ హుసేన్ సిద్దిఖీ ఆ ఏడు వేరు నుంచి కొన్ని ఆల్కలాయిడ్లను వేరుచేశారు. అందులో ఒకదానికి, కళాశాలకు ప్రాణంపోసిన హకీం అజ్మల్ ఖాన్ స్మృతిగా, అజ్మలీన్ అని పేరుపెట్టారు. అదే సంవత్సరం కలకత్తాలో గణనాథ్ సేన్, కార్తిక్ చంద్ర బోస్ ఈ వేరు మానసిక రోగానికే కాక అధిక రక్తపోటుకూ పనిచేస్తుందని వైద్య పత్రికలో రాశారు. రెండేళ్ళకు, కలకత్తా ట్రాపికల్ మెడిసిన్ పాఠశాలలో రామ్‌నాథ్ చోప్రా బృందం జంతువుల మీద దాని ప్రభావాన్ని పరీక్షించి ప్రచురించింది. 1934లో హిమాలయ డ్రగ్ కంపెనీ ఈ వేరు నుంచి సెర్పినా అనే మాత్రను మార్కెట్లోకి తెచ్చింది.

అప్పటికి ఇది దేశం లోపలి వ్యాపారమే. 1949లో పరిస్థితి మారింది. బొంబాయి హృద్రోగ వైద్యుడు రుస్తుం జాల్ వకీల్ తన రక్తపోటు రోగుల్లో 50 మందికి ఈ మందు ఇచ్చి చూసిన ఫలితాలను బ్రిటిష్ హార్ట్ జర్నల్‌లో ప్రచురించాడు. పశ్చిమ దేశాల వైద్యుల చూపు ఒక్కసారిగా ఈ వేరు మీద పడింది. 1952లో స్విట్జర్లాండ్ సంస్థ సీబా శాస్త్రజ్ఞులు ముల్లర్, ష్లిట్లర్, బైన్ వేరులోని ప్రధాన పదార్థం రిసర్పిన్‌ను విడదీశారు. మరుసటి ఏడే అది సెర్పాసిల్ పేరుతో అమ్మకానికి వచ్చింది. 1954లో న్యూయార్క్ రాష్ట్రంలోని రాక్‌లాండ్ ఆసుపత్రి నుంచి నేథన్ క్లైన్ మానసిక రోగుల్లో దాని గుణం గురించి నివేదించాడు. బీహారు పల్లె వైద్యం అలా అమెరికా ఆసుపత్రి వార్డుకు చేరింది. 1957లో వకీల్‌కూ, క్లైన్‌కూ లాస్కర్ అవార్డు దక్కింది. అంతేకాదు, రిసర్పిన్ మెదడులోని రసాయనాలను ఖాళీచేస్తుందన్న సంగతిని ఆధారం చేసుకుని స్వీడన్ శాస్త్రజ్ఞుడు ఆర్విడ్ కార్ల్‌సన్ చేసిన ప్రయోగాలే పార్కిన్సన్స్ వ్యాధి చికిత్సకు దారితీశాయి. దానికి 2000లో నోబెల్ బహుమతి వచ్చింది. ఒక అడవి మొక్క మానవజాతికి ఇంతకంటే ఎక్కువ ఇవ్వడం అరుదు.

అడవి ఏమి ఇచ్చుకుందో చూడాలంటే చిన్న లెక్క చాలు. కిలో ఎండు వేరులో రిసర్పిన్ ఒకటి రెండు గ్రాములకు మించదు. రక్తపోటుకు రోజు మోతాదు పావు మిల్లీగ్రామనుకుంటే, ఒక గ్రాము నాలుగు వేల మాత్రలకు సరిపోతుంది. ఒక్క రోగిని చూస్తే ఇది చాలా పొదుపైన మందు. కానీ పది లక్షలమంది రోజుకో మాత్ర వేసుకుంటే ఏడాదికి 90 కిలోలకు పైగా రిసర్పిన్ కావాలి. కిలోకు ఒక గ్రామే వస్తుందనుకుంటే అది 90 టన్నుల ఎండు వేరు. ఒక మొక్క నుంచి 30 గ్రాముల ఎండు వేరు వస్తుందనుకుంటే 30 లక్షల మొక్కలు. రక్తపోటు మందు జీవితాంతం వాడేది. అంటే మరుసటి ఏడూ మళ్ళీ అన్ని మొక్కలు కావాలి. సర్పగంధి వేరు తవ్వకానికి తగినంత బలపడడానికి ఏడాదిన్నర నుంచి మూడేళ్ళు పడుతుంది. అడవి పెరిగే వేగానికీ, మాత్రలు ఖర్చయ్యే వేగానికీ పొంతన కుదరలేదు.

ఆల్కలాయిడ్లలో దాదాపు తొంభై శాతం వేరు బెరడులోనే ఉంటాయి. సన్నని పీచువేళ్ళలో బరువుతో పోలిస్తే బెరడు పాలు ఎక్కువ. కనుక ఒక వేరు కోసుకుని మిగతాది మట్టిలో వదిలేయడం లాభసాటి కాదు. తవ్వేవాళ్ళు గునపంతో చుట్టూ తవ్వి, పీచు తెగకుండా మొత్తం పెకలించాలి. తరాయి, బీహారు, బెంగాల్, ఒడిశా, అస్సాం అడవుల్లో, దక్షిణాన పడమటి కనుమల్లో పెరిగిన వేరు ఇలాగే పోగై, సంతల మీదుగా, దళారుల చేతులు మారి రేవులకు చేరింది. తవ్వినవాడికి దక్కింది కూలి మాత్రమే. తాను తవ్వకపోతే రేపు ఇంకొకడు తవ్వుతాడని తెలిసినవాడు చిన్న మొక్కను వదిలిపెట్టడు. అది అతని అత్యాశ కాదు. అడవి మీద అతనికి హక్కు ఇవ్వకుండా, వేరుకు మాత్రం ధర కట్టిన ఏర్పాటులో ఉన్న లోపం అది.

వేరు కొరత కనిపించడంతో నాలుగు మార్గాలు వెతికారు. మొదటిది, ముడి వేరు ఎగుమతి మీద భారత ప్రభుత్వం 1950లలోనే ఆంక్షలు పెట్టడం. దేశంలోనే రసాయనం తీసి అమ్ముకోవాలన్న ఆలోచన అందులో ఉంది, మొక్క మీద ఆందోళన కూడా ఉంది. అయితే ఎగుమతి ఆగినంత మాత్రాన తవ్వకం ఆగలేదు. దేశీయ గిరాకీ అలాగే ఉంది.

రెండోది, ఇదే ప్రజాతికి చెందిన ఆఫ్రికా మొక్క రావుల్ఫియా వామిటోరియా. అది చిన్న చెట్టంత ఎదుగుతుంది, దాని వేరులో రిసర్పిన్ కూడా ఎక్కువ. విదేశీ కంపెనీలు కాంగో వైపు మళ్ళాయి. చాలా ఏళ్ళ పాటు యూరప్, అమెరికాల రిసర్పిన్‌కు ఆ దేశపు వేరు బెరడే పెద్ద ఆధారం. భారత అడవి మీద ఒత్తిడి తగ్గింది, ఆ బరువు ఇంకో ఖండపు అడవి మీదికి మారింది. దీన్ని పరిష్కారం అనడం కష్టం.

మూడోది ప్రయోగశాల సంశ్లేషణ. 1956లో హార్వర్డ్ రసాయనశాస్త్రజ్ఞుడు రాబర్ట్ వుడ్‌వర్డ్ రిసర్పిన్‌ను మొదటినుంచీ కృత్రిమంగా నిర్మించి చూపించాడు. ఆ కాలపు సేంద్రియ రసాయనశాస్త్రంలో అదొక శిఖరం. ఫ్రాన్సులో ఒక కంపెనీ ఆ పద్ధతిని మార్చి కొంత ఉత్పత్తి చేసింది కూడా. కానీ వేరు నుంచి తీయడమే చవక అని తేలింది. అడవిలో మొక్క పెరగడానికి పట్టిన ఏళ్ళకు ఎవరూ ధర చెల్లించకపోవడమే ఆ చవకకు కారణం.

నాలుగోది సాగు. అన్నిటికంటే ఆశ పెట్టుకోదగినది ఇదే, అన్నిటికంటే ఓపిక కోరేదీ ఇదే. సర్పగంధి గింజ పైపొర రాయిలా గట్టిది. చాలా గింజల్లో లోపల పిండమే ఉండదు. నీళ్ళలో వేస్తే తేలే గింజలు మొలవవు, మునిగినవాటిలోనూ సగం మొలిస్తే గొప్ప. అందుకే వేరు ముక్కలు, కాండం ముక్కలు నాటే పద్ధతులూ పరీక్షించారు. గింజ నారుతో వేసిన పంటే మేలైన వేరు ఇస్తుందనీ, పద్దెనిమిది నెలలకు తవ్వితే గిట్టుబాటవుతుందనీ ఇండోర్ వ్యవసాయ కళాశాలలో, 1959లో మొదలై తర్వాత సీమాప్‌గా పేరుపొందిన లక్నో ఔషధ మొక్కల సంస్థలో జరిగిన పరిశోధనలు చెప్పాయి. ఇండోర్ నుంచి ఆర్.ఎస్.-1 అనే మేలు రకం కూడా వచ్చింది. అయినా ఏడాదిన్నర నేలను, నీటిని, కలుపు కూలిని పెట్టుబడిగా పెట్టిన రైతు, అడవి నుంచి కేవలం తవ్వకం కూలికి వచ్చే వేరుతో ధరలో పోటీపడాలి. సాగు విస్తరించకపోవడానికి విత్తనం కంటే ఈ పోటీయే పెద్ద కారణం.

సర్పగంధి మీద అంతర్జాతీయ ఒత్తిడిని నిజంగా తగ్గించింది ఈ నాలుగూ కాదు. మందు వాడుకే తగ్గింది. రిసర్పిన్ వాడినవారిలో కొందరు తీవ్రమైన దిగులులో పడుతున్నారని 1950లలోనే వైద్యులు గమనించారు. 1974లో మూడు అధ్యయనాలు దానికి రొమ్ము క్యాన్సర్‌తో సంబంధం ఉండొచ్చన్నాయి. తర్వాతి పరిశీలనల్లో ఆ సంబంధం నిలబడలేదు గానీ, జరగాల్సిన నష్టం జరిగిపోయింది. ఈలోగా రక్తపోటుకు, మానసిక వ్యాధులకు కొత్త మందులు వచ్చాయి. 1977 నాటి ప్రపంచ ఆరోగ్య సంస్థ తొలి అత్యావశ్యక మందుల జాబితాలో చోటు దొరికిన రిసర్పిన్ క్రమంగా వైద్యుల చీటీల్లోంచి తప్పుకుంది.

మొక్క మాత్రం వెంటనే కోలుకోలేదు. అడవి విస్తీర్ణం తగ్గడం, ఆయుర్వేద, యునానీ మందుల తయారీలో గిరాకీ కొనసాగడం దానికి తోడయ్యాయి. 1990 జనవరిలో సర్పగంధి అంతర్జాతీయ వన్యజాతుల వాణిజ్య ఒప్పందం సైటీస్ రెండో అనుబంధంలో చేరింది. అనుమతిపత్రం లేనిదే వేరు దేశాల హద్దు దాటకూడదు. 1998లో భారత ప్రభుత్వం అడవి నుంచి తెచ్చి ఎగుమతి చేయకూడదని ప్రకటించిన 29 మొక్కల జాబితాలోనూ అది ఉంది. 2000లో ఏర్పడిన జాతీయ ఔషధ మొక్కల బోర్డు దాని సాగుకు ప్రోత్సాహం ఇచ్చింది. అసలు వేరు కరువైనచోట కల్తీ పెరిగింది. అమెరికా ఉష్ణప్రాంతాల నుంచి వచ్చి మన ఖాళీ నేలల్లో స్థిరపడిన రావుల్ఫియా టెట్రాఫిల్లా వేరు సర్పగంధిలో కలిసి అమ్ముడవుతుంది. పైకి రెండూ ఒకలాగే కనిపిస్తాయి, ఆల్కలాయిడ్ల పాళ్ళు వేరు. అడవికి జరిగిన నష్టం చివరికి రోగి మాత్రలోకీ వచ్చి చేరుతుంది.

దగ్గరి బంధువు బిళ్ళగన్నేరుతో పోలిస్తే విషయం మరింత తేటపడుతుంది. రక్తపు క్యాన్సర్‌కు వాడే విన్‌క్రిస్టిన్, విన్‌బ్లాస్టిన్ దాని ఆకుల నుంచే వస్తాయి. అవి సర్పగంధి రిసర్పిన్ కంటే ఎంతో తక్కువ పాళ్ళలో ఉంటాయి కనుక టన్నులకొద్దీ ఆకు కావాలి. అయినా బిళ్ళగన్నేరుకు ముప్పు రాలేదు. తెలుగు ఇళ్ళ పెరళ్ళలో, గోడ పగుళ్ళలో కూడా పెరిగే ఆ మొక్క రైతు చేలో సులువుగా పంట అయింది. సర్పగంధిలో ఉన్న అజ్మలిసిన్ అనే మందును కూడా తర్వాతి కాలంలో సాగుచేసిన బిళ్ళగన్నేరు వేళ్ళ నుంచే తీశారు. ఆ మేరకు సర్పగంధికి ఊపిరి దొరికింది. ఏ మొక్క మందు అడవిని తరగనివ్వదో తేల్చేది మందు గుణం కాదు. ఏ భాగం కోస్తారు, ఎంత తొందరగా మళ్ళీ పెరుగుతుంది, చేలో పండుతుందా అన్న మూడు ప్రశ్నలే.

నల్లమల చెంచులు, చిత్తూరు కొండల యానాదులు తవ్వే మారేడు గడ్డలకు కూడా ఇవే ప్రశ్నలు వర్తిస్తాయి. వేసవిలో రాయలసీమ దుకాణాల్లో తాగే నన్నారికి ఈ గడ్డలే మూలం. ఇదీ వేరే, ఇదీ నిదానంగా పెరిగే తీగే. దక్షిణ ద్వీపకల్పంలో తప్ప సహజంగా ఎక్కడా పెరగదు.

2008లో ఔషధ మొక్కల బోర్డు తరఫున వెలువడిన గిరాకీ, సరఫరా అధ్యయనం దేశంలో 960 రకాల మూలికల వ్యాపారాన్ని లెక్కించింది. వాటిలో ఏడాదికి వంద టన్నులకు మించి అమ్ముడయ్యేవి 178. ఆ 178లో ప్రధానంగా సాగు నుంచి వచ్చేవి 36 మాత్రమే. మిగిలినవాటిలో అత్యధికం అడవుల నుంచి, బంజర్ల నుంచి, దారి పక్కల నుంచి ఏరి తెచ్చేవే.