కళాశాల మైదానం నుంచి జకార్తా దాకా: హైదరాబాదు ఫుట్‌బాల్‌లో విద్యాసంస్థల పాత్ర (1927–1963)

వ్యాస సంగ్రహం:
కళాశాల జట్టు ఆయుష్షు ఒక్క విద్యాసంవత్సరం. పరీక్షలు ముగియగానే ఆటగాళ్లు చెదిరిపోతారు. నేర్చిన ఆట కూడా వారితోనే వెళ్లిపోతుంది. ఈ సమస్యకు హైదరాబాదు నగరం కనుగొన్న పరిష్కారాన్ని, 1963 తర్వాత అది నిలవకపోవడానికి గల కారణాలను సయ్యద్ అబ్దుల్ రహీం క్రీడాజీవితం ఆధారంగా పరిశీలించడం ఈ వ్యాస ఉద్దేశం.

కీలక పదాలు: ఉస్మానియా విశ్వవిద్యాలయం, సిటీ కాలేజీ, రహీం, హైదరాబాదు సిటీ పోలీసు జట్టు, క్రీడాచరిత్ర.

1.0 ప్రవేశిక:
భారత ఫుట్‌బాల్ చరిత్రలో 1951 నుంచి 1962 వరకు గల కాలాన్ని స్వర్ణయుగంగా పేర్కొనడం పరిపాటి. 1951 ఢిల్లీ, 1962 జకార్తా ఆసియా క్రీడలలో స్వర్ణపతకాలు, 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం ఈ కాలపు ప్రధాన విజయాలు. ఈ మూడు సందర్భాలలోనూ జట్టు శిక్షకుడు రహీం. ఆయనను గురించిన రచనలు సాధారణంగా ఈ పతకాల చుట్టూ తిరుగుతాయి. ఆయన ఆట రూపుదిద్దుకొన్న కళాశాల దశకు వాటిలో దక్కిన చోటు స్వల్పం. ఆ దశను విస్మరిస్తే ఆయన శిక్షణ పద్ధతి మూలాలు అర్థం కావు.

2.0 ఉస్మానియా, సిటీ కాలేజీ జట్లు:
ఉస్మానియా విశ్వవిద్యాలయం 1918లో ఉర్దూ మాధ్యమంతో ఏర్పడింది. 1909లో హైదరాబాదులో జన్మించిన రహీం అక్కడే బి.ఏ. చదివి, 1927–31 మధ్య విశ్వవిద్యాలయ జట్టుకు ఆడారు. తన తరంలో అక్కడి మేటి ఆటగాళ్లలో ఒకరిగా పేరు పొందారు. అయితే ఎంత మంచి విద్యార్థి జట్టుకైనా ఒక పరిమితి ఉంటుంది. పదకొండు మంది ఒకరి కదలికను ఒకరు పసిగట్టడం మొదలయ్యే వేళకు సీజను ముగుస్తుంది. మరుసటి ఏడాది కొత్తవారితో మళ్లీ మొదటి పాఠం నుంచి ఆరంభించాలి.

మూసీ ఒడ్డున ఉన్న సిటీ కాలేజీ నుంచి ఈ పరిమితికి ఒక సమాధానం వచ్చింది. ఆ కళాశాల విద్యార్థులు, పూర్వవిద్యార్థులు కలిసి ‘ఎలెవెన్ హంటర్స్’ అనే జట్టుగా ఏర్పడ్డారు. రహీం కూడా ఈ జట్టుకు ఆడారు. కొద్ది సంవత్సరాలలోనే అది నగరంలోని అగ్రశ్రేణి జట్లలో ఒకటైంది. చదువు ముగిసినవాడు మైదానం విడిచి వెళ్లనవసరం లేకపోవడం, కొత్తగా చేరినవాడికి పక్కనే అనుభవజ్ఞుడు ఉండడం ఈ ఏర్పాటులోని బలం. కళాశాల సీజనును సంవత్సరాంత పరీక్షలకు ఆవల కొనసాగించిన తొలి ప్రయత్నంగా దీనిని గుర్తించవచ్చు.

3.0 ఉపాధ్యాయుడే శిక్షకుడు:
రహీం వృత్తిరీత్యా ఉపాధ్యాయుడు. కాచిగూడ మిడిల్ స్కూల్, దారుల్ ఉలూమ్ హైస్కూల్, చాదర్‌ఘాట్ హైస్కూల్ వంటి పాఠశాలలలో పనిచేశారు. వ్యాయామ విద్యలో డిప్లొమా పొంది, బడిలో ఆటల బాధ్యత చేపట్టారు. 1943లో హైదరాబాదు ఫుట్‌బాల్ సంఘం కార్యదర్శి అయ్యారు. ఆయనకు ముందు ఆ పదవిలో ఉన్న ఎస్.ఎం. హాదీ కేంబ్రిడ్జిలో చదివినవారు. డేవిస్ కప్ టెన్నిస్‌లో దేశానికి ఆడినవారు. రంజీ ట్రోఫీలో తొలి శతకం చేసినవారు. నగర క్రీడారంగాన్ని విద్యావంతులు నడిపించిన తీరుకు ఈ ఇద్దరూ నిదర్శనం.

రహీం శిక్షణలో తరగతి గది క్రమం కనిపిస్తుంది. బలహీనమైన కాలితోనే ఆడవలసిన పోటీలను, డ్రిబ్లింగ్ నిషేధించిన పోటీలను ఆయన బాలురకు నిర్వహించారు. బంతిని కాలి దగ్గర ఉంచుకోనివ్వకపోతే, ఎవరికి అందించాలో బంతి రాకముందే ఆలోచించక తప్పదు. ఒక్కో పోటీ ఒక్కో పాఠం. పొట్టి పాస్‌ల మీద ఆధారపడిన హైదరాబాదు శైలి ఇటువంటి సాధన నుంచి రూపొందింది.

4.0 పోలీసు జట్టు – స్థిరత్వం:
పూర్వవిద్యార్థుల జట్టు అనుభవాన్ని నిలుపగలిగింది కాని, ఆటగాడికి జీవనోపాధి చూపలేదు. ఆ లోటును పోలీసు శాఖ తీర్చింది. 1950లో రహీం సిటీ పోలీసు జట్టు శిక్షణ చేపట్టారు. ఆ ఏడాది జట్టు మోహన్ బగాన్‌ను ఓడించి డ్యూరాండ్ కప్పు గెలిచింది. 1950 నుంచి 1954 వరకు వరుసగా ఐదుసార్లు రోవర్స్ కప్పు గెలిచింది. 1956, 1957 సీజన్లలో సంతోష్ ట్రోఫీ హైదరాబాదుకు దక్కింది. ఒకే బృందం ఏళ్ల తరబడి ఒకే శిక్షకుని వద్ద ఉండడం ఈ విజయాలకు ముఖ్య కారణం. విద్యార్థి జట్టుకు లేనిది సరిగ్గా ఆ వ్యవధే.

5.0 తెగిన పరంపర:
1962 సెప్టెంబర్ 4న జకార్తాలో భారత్ 2–1 తేడాతో దక్షిణ కొరియాను ఓడించింది. అప్పటికే క్యాన్సర్‌తో బాధపడుతున్న రహీం 1963 జూన్ 11న మరణించారు. 1965–66లో ఆంధ్రప్రదేశ్ సంతోష్ ట్రోఫీ గెలిచింది. ఆ తర్వాత రాష్ట్రం దానిని మళ్లీ అందుకోలేకపోయింది. కలకత్తా క్లబ్బుల ఆకర్షణ దీనికి ఒక కారణం. సికింద్రాబాదు శివారు అమ్ముగూడకు చెందిన తులసీదాస్ బలరాం 1957లోనే ఈస్ట్ బెంగాల్‌కు వెళ్లారు. అంతకన్నా లోతైన కారణం మరొకటి ఉంది. ఆటగాడి కొనసాగింపుకు నగరం మార్గం కనుగొంది. శిక్షకుని కొనసాగింపుకు కనుగొనలేదు. రహీం పాఠాలు ఏ విద్యాసంస్థలోనూ పాఠ్యక్రమంగా స్థిరపడలేదు.

6.0 ముగింపు:
ఒక సీజను ఫలితాలను గెలుపోటముల పట్టికలో చూడడం సులభం. ఆ సీజనులో నేర్చినది మరుసటి ఏటికి ఎవరి ద్వారా అందింది అన్న ప్రశ్న చరిత్రకారునికి అంతకంటే ముఖ్యం. ఉస్మానియా, ఎలెవెన్ హంటర్స్, సిటీ పోలీసు జట్లు ఈ ప్రశ్నకు మూడు దశలలో మూడు సమాధానాలు. గన్నవరం మొదలుకొని వరంగల్లు దాకా ఏ కళాశాల జట్టు చరిత్రను రాయదలచినా ఈ ప్రశ్నతోనే ఆరంభించవలసి ఉంటుంది.