అద్దె బండి కిరాయి లెక్క: లండన్ నగర అనుభవం

లక్ష్యాలు

ఈ భాగాన్ని చదివిన తరువాత మీరు:
- లండన్ నగరంలో అద్దె బండ్ల కిరాయిని ప్రభుత్వం ఎందుకు, ఎలా నిర్ణయించిందో వివరించగలుగుతారు.
- 19వ శతాబ్దపు ప్రయాణికుడు కిరాయిని ముందుగా ఎలా అంచనా వేసుకునేవాడో, ఎక్కడ ఆదా చేసుకోగలిగేవాడో లెక్కతో చూపగలుగుతారు.
- ప్రయాణికుడికి మిగిలిన డబ్బు ఎవరి నుంచి వచ్చిందో విశ్లేషించగలుగుతారు.
- మీటరు, మొబైల్ యాప్ ఈ లెక్కలో తెచ్చిన మార్పులను పోల్చగలుగుతారు.

1. పరిచయం

కొత్త నగరంలో రైలు దిగి స్టేషను బయటకు వచ్చిన మనిషికి మొదట ఎదురయ్యే ప్రశ్న ‘ఎంత తీసుకుంటారు?’ అన్నది. బండి నడిపేవాడికి దూరం తెలుసు, దారి తెలుసు, ఆ వేళకు ఎంత పలుకుతుందో కూడా తెలుసు. ఎక్కేవాడికి ఇవేవీ తెలియవు. బేరం కుదిరినా మోసపోయామేమోనన్న అనుమానం మిగులుతుంది. ఇలా ఇద్దరిలో ఒకరికే సమాచారం ఉండటం వల్ల వచ్చే చిక్కును తీర్చడానికి లండన్ నగరం దాదాపు నాలుగు వందల ఏళ్ళుగా ప్రయత్నిస్తూ వచ్చింది. ధరల పట్టిక, దూరాల పుస్తకం, మీటరు, యాప్ ఈ ప్రయత్నంలో వరుసగా వచ్చిన దశలు. ఈ భాగంలో వాటిని ఒక్కొక్కటిగా పరిశీలిద్దాం.

లెక్కలు అర్థం కావడానికి ఆనాటి నాణేల విలువ గుర్తుంచుకోండి: 12 పెన్నీలు ఒక షిల్లింగు, 20 షిల్లింగులు ఒక పౌండు.

2. తొలి నియంత్రణలు

17వ శతాబ్దం తొలి దశాబ్దాలలో లండన్ వీధుల్లో అద్దెకు తిరిగే గుర్రపు బండ్లను హాక్నీ కోచ్‌లు అనేవారు. 1634లో బెయిలీ అనే నౌకా కెప్టెన్ స్ట్రాండ్ వీధిలోని మేపోల్ దగ్గర నాలుగు బండ్లను నిలిపాడు. బండివాళ్ళకు ఒకే రకమైన దుస్తులు ఇచ్చి, ఎక్కడికి ఎంత తీసుకోవాలో ముందే చెప్పి పెట్టాడు. మిగతా బండ్లవాళ్ళు కూడా అక్కడికే చేరి అదే ధరకు బండ్లు తోలసాగారు. నిర్ణీత స్థలం, నిర్ణీత ధర అనే రెండు లక్షణాలు ఇక్కడే కలిశాయి.

1654లో క్రామ్‌వెల్ ప్రభుత్వం, 1662లో పార్లమెంటు బండ్ల సంఖ్యకు పరిమితి విధించాయి. 1662 చట్టం 400 బండ్లకు లైసెన్సులు ఇచ్చి, కిరాయిని కూడా నిర్ణయించింది. 12 గంటల రోజుకు 10 షిల్లింగులు. గంటల లెక్కన అయితే మొదటి గంటకు 18 పెన్నీలు, ఆ తరువాత ప్రతి గంటకు 12 పెన్నీలు మించకూడదు.

ఈ రెండు ధరలను పక్కపక్కన పెట్టి చూడండి. 9 గంటలకు గంటల లెక్కన 114 పెన్నీలు అవుతుంది. రోజు కిరాయి 120 పెన్నీలు కాబట్టి అప్పటివరకు గంటల లెక్కే మేలు. 10వ గంట వచ్చేసరికి 126 పెన్నీలు అవుతుంది. అప్పుడు రోజు కిరాయే చవక. అంటే ఎంతసేపు బండి కావాలో ముందుగా తేల్చుకున్నవాడికే ఆదా. ధర చట్టంలో ఉన్నంత మాత్రాన చాలదని, దానిని వాడుకోవడం కూడా తెలియాలని దీనివల్ల స్పష్టమవుతుంది.

బండ్ల సంఖ్యపై ఉన్న పరిమితిని 1831 చట్టం తొలగించింది. 1834లో జోసెఫ్ హాన్సమ్ పేటెంటు పొందిన రెండు చక్రాల బండి క్రమంగా మార్పులు చెంది నగరమంతా వ్యాపించింది. ‘కాబ్రియోలే’ అనే ఫ్రెంచి మాట కుదించుకుపోయి ‘క్యాబ్’ అయింది.

3. 1853 చట్టం

1851లో లండన్‌లో జరిగిన మహా ప్రదర్శనకు లక్షల మంది వచ్చారు. అద్దె బండ్ల మీద ఫిర్యాదులు కూడా పెరిగాయి. 1853లో పార్లమెంటు లండన్ హాక్నీ క్యారేజీ చట్టం చేసింది. అందులోని ముఖ్యమైన నియమాలు ఇవి:

(అ) చేరింగ్ క్రాస్ కేంద్రంగా నాలుగు మైళ్ళ వృత్తం లోపల మైలుకు 6 పెన్నీలు. అంతకు ముందు ఇది 8 పెన్నీలు ఉండేది. మైలులో కొంత భాగమైనా పూర్తి మైలుగా లెక్క.

(ఆ) వృత్తం దాటి దిగితే, బయట నడిచిన దూరానికి మైలుకు 12 పెన్నీలు.

(ఇ) కాలం లెక్కన అయితే గంటకు 24 పెన్నీలు. ఏ లెక్క కావాలో బండి ఎక్కేటప్పుడే ప్రయాణికుడు చెప్పాలి. చెప్పకపోతే దూరం లెక్కే వర్తిస్తుంది.

(ఈ) కాలం లెక్కన కుదుర్చుకున్నవాడు గంటకు నాలుగు మైళ్ళ కన్నా వేగంగా తోలమంటే, నాలుగు దాటిన ప్రతి మైలుకు విడిగా దూరం కిరాయి ఇవ్వాలి.

(ఉ) తగవు వస్తే ప్రయాణికుడు బండిని సమీపంలోని పోలీసు కోర్టుకు తోలమని అడగవచ్చు.

(ఇ), (ఈ) నియమాలను కలిపి గమనించాలి. గంటకు నాలుగు మైళ్ళు, మైలుకు 6 పెన్నీలు అంటే 24 పెన్నీలు. గంట కిరాయి కూడా సరిగ్గా అంతే. కాలం పేరుతో కుదుర్చుకుని దూరం ఎక్కువ తిరిగి లాభపడే దారిని చట్టం ఈ విధంగా మూసివేసింది.

4. ప్రయాణికుడి లెక్క

ధర తెలిసినా దూరం తెలియకపోతే కిరాయి తేలదు. అందుకే ఆ కాలంలో దూరాలు, కిరాయిలు అచ్చువేసిన చిన్న పుస్తకాలు జేబులో పెట్టుకునే అలవాటు ఏర్పడింది. ఎడ్వర్డ్ మాగ్ ప్రచురించిన ‘పదివేల క్యాబ్ కిరాయిలు’ వీటిలో పేరు పొందింది. ఆర్. ఎస్. సర్టీస్ రాసిన ఒక హాస్య నవలలో కథానాయకుడు తీరిక దొరికినప్పుడల్లా ఈ పుస్తకాన్నే చదువుతూ కనిపిస్తాడు. పాఠకులు నవ్వుకోవాలంటే ఆ పుస్తకం వారికి ముందే తెలిసి ఉండాలి కదా! దీనిని బట్టి అది ఎంతగా వాడుకలో ఉండేదో ఊహించవచ్చు.

1853 ధరల ప్రకారం కొన్ని ఉదాహరణలు చూద్దాం.

ఉదాహరణ 1: వృత్తం లోపల మూడుంపావు మైళ్ళ ప్రయాణం. పావు మైలు కూడా పూర్తి మైలే కాబట్టి 4 × 6 = 24 పెన్నీలు. మూడో మైలు ముగిసేచోట దిగి మిగిలిన పావు మైలు నడిస్తే 18 పెన్నీలే. అయిదారు నిమిషాల నడకకు ఆదా 6 పెన్నీలు.

ఉదాహరణ 2: చేరింగ్ క్రాస్ నుంచి వృత్తం దాటి అయిదో మైలు వరకు ప్రయాణం. (4 × 6) + 12 = 36 పెన్నీలు. వృత్తం అంచున దిగితే 24 పెన్నీలు. ఇక్కడ ఆదా 12 పెన్నీలు. కానీ మైలు దూరం నడవాలి.

తరువాతి దశాబ్దాలలో కనీస కిరాయి నియమం వచ్చింది. 1869 చట్టం కిరాయిలు నిర్ణయించే అధికారాన్ని హోం మంత్రికి ఇచ్చింది. శతాబ్దం చివరి నాటికి వృత్తం లోపల రెండు మైళ్ళ వరకు ఒక షిల్లింగు, ఆపైన ప్రతి మైలుకు 6 పెన్నీలు, బండి వెలుపల కట్టిన ఒక్కొక్క సామానుకు 2 పెన్నీలు తీసుకునేవారు. దీనివల్ల రెండు మైళ్ళు, అంతకు మించిన ప్రయాణాలకు కిరాయి మారలేదు. మైలు లోపు ప్రయాణానికి మాత్రం 6 పెన్నీల నుంచి 12 పెన్నీలకు, అంటే రెట్టింపుకు పెరిగింది. కాబట్టి చిన్న దూరాలకు క్యాబ్ ఎక్కకపోవడమే పొదుపు అయింది.

అసలైన ఆదా మార్గం మరొకటి ఉంది. 1829లో జార్జ్ షిల్లిబీర్ పాడింగ్టన్ నుంచి బ్యాంక్ వరకు 22 మంది కూర్చునే ఆమ్నిబస్సు నడిపాడు. కిరాయి ఒక షిల్లింగు. పోటీ పెరిగిన కొద్దీ ఈ కిరాయిలు తగ్గుతూ వచ్చాయి. 1863లో భూగర్భ రైలు కూడా మొదలైంది. క్యాబ్ మధ్యతరగతి, ధనిక వర్గాల వాహనంగానే మిగిలింది. సాధారణ కార్మికుడు బస్సులోనో కాలినడకనో వెళ్ళేవాడు.

5. బండివాడి లెక్క

ఇప్పటివరకు ప్రయాణికుడి వైపు నుంచి చూశాం. ఇదే లెక్కను బండివాడి వైపు నుంచి చూడకపోతే చరిత్ర సగమే తెలుస్తుంది.

చాలామంది క్యాబ్‌వాళ్ళకు బండి గానీ గుర్రం గానీ సొంతం కాదు. యజమానికి రోజుకు ఇంత అని అద్దె కట్టి, మిగిలినదానితో బతకాలి. ఆ అద్దె 10 షిల్లింగులు, అంటే 120 పెన్నీలు అనుకుందాం. మైలుకు 8 పెన్నీలు ఉన్నప్పుడు 15 మైళ్ళ కిరాయితో అద్దె తీరేది. 6 పెన్నీలకు తగ్గాక అదే అద్దెకు 20 మైళ్ళు కావాలి. తన చేతికి ఒక్క పెన్నీ రాకముందే మరో అయిదు మైళ్ళు తిరగాలి. ఖాళీగా నిలబడిన వేళ, ఖాళీగా తిరిగి వచ్చిన దారి దీనికి అదనం. వృత్తం బయట రెట్టింపు కిరాయి పెట్టడానికి కారణం కూడా ఇదే. బయట దిగినవాడు వెళ్ళిపోతాడు. బండివాడు మాత్రం మరో బేరం దొరికేదాకా ఖాళీగా రావాలి.

1853 జూలై చివరలో లండన్ క్యాబ్‌లు ఒక్కసారిగా వీధుల నుంచి మాయమయ్యాయి. కొద్ది రోజులు సాగిన ఈ సమ్మెలో పార్లమెంటు సభ్యులు కూడా ఇళ్ళకు నడిచి వెళ్ళవలసివచ్చింది. అదే ఏడాది ప్రభుత్వం రెండో చట్టం చేసింది. అయినా మైలుకు 6 పెన్నీల ధర మాత్రం అలాగే నిలిచింది.

‘క్యాబ్‌వాడు ఎప్పుడూ ఎక్కువే అడుగుతాడు’ అన్న ఆనాటి అపవాదును ఈ నేపథ్యంలో అర్థం చేసుకోవాలి. కొందరు మోసం చేసిన మాట నిజమే. కానీ చట్టం కిరాయిని కట్టడి చేసినంత గట్టిగా యజమాని తీసుకునే రోజు అద్దెను కట్టడి చేయలేదు. ఆ తేడా భారమంతా మధ్యలో ఉన్నవాడి మీద పడింది.

6. మీటరు రాక

దూరం మీద తగవు తీర్చే యంత్రాన్ని 1891లో జర్మనీకి చెందిన విల్హెల్మ్ బ్రూన్ రూపొందించాడు. చక్రం తిరిగిన దూరాన్ని, బండి నిలిచిన కాలాన్ని కలిపి కిరాయి చూపడం దాని పని. ‘టాక్సీ’ అనే మాట ఈ టాక్సీమీటరు నుంచే వచ్చింది. 1907లో లండన్ మోటారు క్యాబ్‌లలో మీటరు తప్పనిసరి అయింది.

మీటరు వచ్చాక దూరాల పుస్తకం అవసరం తీరిపోయింది. అయితే మీటరు కిరాయిని ప్రయాణం చివరనే చెబుతుంది. ముందుగా అంచనా వేసుకునే బాధ్యత ప్రయాణికుడిదే. చుట్టుదారిలో తిప్పితే మీటరు ఆ దారినే నిజాయితీగా లెక్కిస్తుంది. అందువల్ల దారి తెలిసి ఉండటం అప్పటికీ ముఖ్యమే.

బండివాడి సమస్య కూడా కొత్త రూపంలో కొనసాగింది. గుర్రం మేత స్థానంలో పెట్రోలు వచ్చింది. పెట్రోలు ధర పెంచినా మీటరు కిరాయి మారకపోవడంతో 1913 ఆరంభంలో లండన్ టాక్సీ డ్రైవర్లు సమ్మె చేశారు.

7. యాప్ యుగం

2012లో ఊబర్ లండన్‌లో ప్రవేశించింది. కిరాయి అంచనా ఎక్కకముందే ఫోనులో కనిపించసాగింది. ఒక విధంగా మాగ్ పుస్తకం తిరిగి జేబులోకి వచ్చింది. కానీ ఒక ముఖ్యమైన తేడా ఉంది. మాగ్ పుస్తకంలోని ధర చట్టం నిర్ణయించినది. ప్రయాణికుడు, బండివాడు ఇద్దరూ దానిని లెక్కించి సరిచూడగలరు. యాప్ ధరను కంపెనీ నిర్ణయిస్తుంది. గిరాకీని బట్టి గంట గంటకూ అది మారుతుంది.

యాప్ ఉన్న ఫోను మీటరు కిందకు వస్తుందా అన్న వివాదంలో, చట్టం ప్రకారం అది టాక్సీమీటరు కాదని 2015లో లండన్ హైకోర్టు తీర్పు చెప్పింది. 2021లో బ్రిటన్ సుప్రీంకోర్టు ఆ సంస్థ డ్రైవర్లను స్వతంత్ర వ్యాపారులుగా కాక, కనీస వేతనం వంటి హక్కులున్న శ్రామికులుగా గుర్తించింది. 1853లో సమ్మె చేసినవారు లేవనెత్తిన ప్రశ్న ఈ విధంగా 168 ఏళ్ళ తరువాత కోర్టులో చర్చకు వచ్చింది.

మన దేశంలో 1879 నాటి హాక్నీ క్యారేజీ చట్టం అద్దె బండ్లపై నియమాలు చేసే అధికారాన్ని పురపాలక సంఘాలకు ఇచ్చింది. 1988 మోటారు వాహనాల చట్టం కింద కిరాయి నిర్ణయించే అధికారం రాష్ట్ర ప్రభుత్వాలది. యాప్ సంస్థల కోసం 2020లో కేంద్రం ఇచ్చిన మార్గదర్శకాలు రద్దీ ధర మూల కిరాయికి ఒకటిన్నర రెట్లు మించరాదన్నాయి. 2025లో ఈ పరిమితిని రెండు రెట్లకు పెంచారు. హైదరాబాదులోనో విశాఖపట్నంలోనో ఫోను తెరిచినప్పుడు మీకు కనిపించే అంకె వెనుక ఈ సుదీర్ఘ చరిత్ర ఉంది.

8. సారాంశం

కిరాయి అంచనాకు ధర, దూరం, దారి అనే మూడు విషయాలు తెలియాలి. లండన్‌లో మొదట చట్టం ధరను, తరువాత పుస్తకాలు దూరాన్ని అందుబాటులోకి తెచ్చాయి. మీటరు కొలత మీద తగవును తగ్గించింది. యాప్ మొత్తాన్ని ముందే చెప్పింది గానీ లెక్కను కనబడనీయలేదు. నియమాలు తెలిసిన ప్రయాణికుడు ప్రతి దశలోనూ ఆదా చేసుకోగలిగాడు. మైలు సరిహద్దులో దిగడం, సరైన లెక్క ఎంచుకోవడం, బస్సు ఎక్కడం వంటివి ఎవరికీ నష్టం కలిగించని ఆదా మార్గాలు. యజమాని అద్దెను, ఇంధనం ధరను పట్టించుకోకుండా కిరాయిని మాత్రమే తగ్గించినప్పుడు ఆ ఆదా బండివాడి కూలి నుంచి వచ్చింది. ఈ రెండింటి మధ్య తేడాను గుర్తించడమే ఈ భాగం ముఖ్యోద్దేశం.

మీ ప్రగతిని సమీక్షించుకోండి

1. 1853 ధరల ప్రకారం వృత్తం లోపల రెండున్నర మైళ్ళ ప్రయాణానికి కిరాయి ఎంత? రెండు మైళ్ళకే దిగితే ఎంత ఆదా?
2. వృత్తం బయట కిరాయి రెట్టింపు ఎందుకు ఉండేది?
3. మాగ్ పుస్తకంలోని కిరాయికి, యాప్ చూపే కిరాయికి గల తేడాను పది పంక్తులలో రాయండి.

జవాబులు

1. 18 పెన్నీలు, 6 పెన్నీలు.
2. బండి ఖాళీగా తిరిగి రావలసి ఉంటుంది కనుక.
3. 4, 7 విభాగాలు చూడండి.