రెండు వాకిళ్ల వరస

మా మంసాపురం శ్రీవిల్లిపుత్తూరుకీ దగ్గరే, రాజపాళయానికీ దగ్గరే. పడమటి కనుమల కింద ఊరు. విజయనగర కాలంలో ఇటు దిగివచ్చామని మా పెద్దలు చెప్పుకునేవారు. ఇంట్లో తెలుగు, బడిలో తమిళం. మాట వచ్చు, రాత రాదు. మిల్లులో పనికి చేరాకే నేను తెలుగు అక్షరాలు దిద్దుకున్నాను. అంతదాకా నాకు అందిన తెలుగు కవిత్వమంతా సినిమా పాటే. అందులో పెద్ద వాటా సంగీత దర్శకుడు సాలూరి రాజేశ్వరరావుది. ఆయన గురించి తెలుగులో రాసేవాళ్లు తెలుగు సినిమాలే ఏకరువు పెడతారు. అక్కడే నాకు పేచీ.

1922లో సాలూరు దగ్గర శివరామపురంలో పుట్టాడాయన. తండ్రి సన్యాసిరాజు మృదంగ విద్వాంసుడు. 1935లో ‘శ్రీకృష్ణ లీలలు’లో బాలకృష్ణుడి వేషం కట్టి పాడాడు. తర్వాత కలకత్తా వెళ్లి సైగల్, పంకజ్ మల్లిక్‌ల బాణీ వంటబట్టించుకున్నాడు. గొంతు పెంచకుండా, మాటను చెవి దగ్గర చెప్పినట్టు పాడే ఆ పద్ధతే తర్వాత గాయని రావు బాలసరస్వతితో కలిసి ఇచ్చిన లలితగీతాల రికార్డుల్లోకి వచ్చింది.

మద్రాసులో జెమినీ స్టూడియో అధినేత వాసన్ దగ్గర ‘బాలనాగమ్మ’ (1942) చేశాడు. అదే సంస్థకు 1948లో ‘చంద్రలేఖ’ పాటలు కట్టాడు. పెద్ద పెద్ద ఢంకాల మీద నాట్యమాడే ఆ సినిమా తమిళ చిత్రం. దేశమంతా చూసిన తమిళ సినిమాకు వరసలు కట్టింది సాలూరు కుర్రాడని మా వీధిలో తమిళులకు చెబితే నమ్మేవారు కాదు.

1951లో ‘మల్లీశ్వరి’ వచ్చింది. కృష్ణదేవరాయల నాటి కథ, దేవులపల్లి కృష్ణశాస్త్రి మాట. ఆ కాలంలోనే వలస వచ్చామనుకునే మాకు అది ఇంటి కథలాగే ఉండేది. ‘విప్రనారాయణ’ (1954) మరీ దగ్గరిది. తొండరడిప్పొడి ఆళ్వారు కథ. ఆండాళ్ పుట్టిన శ్రీవిల్లిపుత్తూరు పక్కన ఉండి, మార్గళి తెల్లవారుజామున తిరుప్పావై వింటూ పెరిగినవాళ్లకు ఆళ్వారును ఎవరూ పరిచయం చేయనక్కర్లేదు. ఆ సినిమా తెలుగులోనూ తమిళంలోనూ తయారైంది. మా అవ్వ తెలుగు పాట అందుకుంటే పక్కింటి తమిళావిడ అదే వరస తన భాషలో పాడేది. ఇద్దరికీ శ్రుతి కలిసేది.

ఇది ఎలా కుదిరింది? ఆనాడు స్టూడియోలు మద్రాసులో ఉన్నాయి. ఒకే సెట్టు మీద ఒక షాటు తెలుగులో, మరో షాటు తమిళంలో తీసేవారు. ‘మిస్సమ్మ’ (1955)లో తెలుగుకు ఎన్టీఆర్, తమిళానికి జెమినీ గణేశన్, రెండింటికీ సావిత్రి. తెలుగులో పింగళి రాస్తే తమిళంలో తంజై రామయ్యదాస్ రాశాడు. ఇద్దరు నాయకులకూ పాడింది ఒక్కడే, చిత్తూరు జిల్లా వాడు ఏ.ఎం. రాజా. చందమామను పిలిచే ఆ జంటపాట రెండు భాషల్లోనూ విన్నాను. ఏది ముందు కట్టారో చెవికి తెలియదు. ‘మాయాబజార్’ (1957)కి కూడా నాలుగు పాటలకు వరసలు రాజేశ్వరరావువే. మిగిలిన పని ఘంటసాల నడిపాడు.

తర్వాత తెలుగు సినిమా హైదరాబాదు దారి పట్టింది. 1976లో అక్కడ అన్నపూర్ణ స్టూడియో లేచింది. ఒకే సెట్టు మీద రెండు భాషలు తీయడం అరుదైపోయింది. అదే రోజుల్లో, 1975లో, మద్రాసు దూరదర్శన్ మొదలైంది. మా ఊళ్లో టీవీ వచ్చాక శుక్రవారం ‘ఒళియుం ఒలియుం’లో తమిళ పాటలు చూసేవాళ్లం. 1995లో జెమినీ టీవీ, ఈటీవీ వచ్చాక కేబులు పెట్టించుకున్న ఇళ్లలో తెలుగు మళ్లీ మోగింది. రాజేశ్వరరావు 1999లో పోయారు. ఆయన కొడుకు కోటి సినిమాల్లో పేరు తెచ్చుకుని, టీవీ పాటల పోటీల్లో న్యాయనిర్ణేతగా కూర్చున్నాడు.

టీవీ మాకు తెలుగు తెచ్చిపెట్టింది కానీ, పక్కింటితో పంచుకునే పాట తేలేదు. ఇప్పటి డబ్బింగు పాటలో రెండో కవి తెరమీది పెదాలకు సరిపోయే మాటలు వెతుక్కుంటాడు. ‘మిస్సమ్మ’లో ఇద్దరు కవులకూ సొంత నటులున్నారు, సొంత షాట్లున్నాయి. రెండు పాటలూ అసలువే. అందుకే సాలూరి జీవితం రాసేవాళ్లు తెలుగు చిత్రాల పట్టిక పక్కనే తమిళ పట్టికా వేయాలి. ఆ రెండో పట్టిక లేకపోతే, ఆయన ఏం సాధించాడో మాలాంటి ఊళ్లలో తప్ప ఎవరికీ తెలియదు.