రైళ్ళు టైముకొచ్చిన రోజుల్లో ఒక నటి

ఆదివారం పొద్దున్నే కాఫీ కప్పుతో రేడియో ముందు కూర్చున్న మీకు సినిమా కబుర్లు చెప్తే బాగుండేది. ఇదీ సినిమా తార కథే, కానీ కాస్త బరువైనది. నేను చరిత్ర పంతుల్ని కాను, వారమంతా క్లయింట్ల సిస్టమ్స్‌తో కుస్తీపట్టే కన్సల్టెంటుని. తప్పులుంటే మన్నించాలి.

నేను పుట్టేనాటికి ఎమర్జెన్సీ ముగిసి పదేళ్ళు దాటింది. దాని గురించి మా ఇంట్లో విన్నది ఒక్కటే మాట. "అప్పుడు రైళ్ళు టైముకొచ్చేవిరా" అనేవారు మా తాతయ్య. స్నేహలతా రెడ్డి గురించి చదివేదాకా నేనూ అదే నమ్మాను.

"ఫిడేలు రాగాల డజన్" కవి పఠాభి మనలో చాలామందికి తెలుసు. నెల్లూరికి చెందిన తిక్కవరపు పట్టాభిరామిరెడ్డి గారు. 1932లో పుట్టిన స్నేహలత ఆయన భార్య. నాట్యం నేర్చుకున్నారు, మద్రాసులో నాటకాలు వేశారు. అనంతమూర్తి గారి నవల ఆధారంగా పఠాభి గారు 1970లో కన్నడంలో "సంస్కార" తీస్తే, అందులో చంద్రి పాత్ర ఆవిడదే. చనిపోయిన మనిషికి దహనం చెయ్యాలా వద్దా అని అగ్రహారమంతా తర్కించుకుంటూ కూర్చుంటే, ఎవరికీ చెప్పకుండా ఆ పని జరిపించే మనిషి చంద్రి. ఆ సినిమాని సెన్సారు బోర్డు మొదట ఆపేసింది. తర్వాత విడుదలై, ఆ ఏడాది జాతీయ ఉత్తమ చిత్రంగా రాష్ట్రపతి స్వర్ణపతకం గెలిచింది.

భార్యాభర్తలిద్దరూ లోహియా భావాలున్నవాళ్ళు, జార్జ్ ఫెర్నాండెజ్‌కి ఆప్తమిత్రులు. 1975 జూన్ 25న ఎమర్జెన్సీ పెట్టాక ఫెర్నాండెజ్ అజ్ఞాతంలోకి వెళ్ళారు. ఆయన కోసం వెతుకుతున్న పోలీసులు బరోడా డైనమైట్ కేసు పేరుతో 1976 మే 2న స్నేహలతని అరెస్టు చేసి బెంగుళూరు సెంట్రల్ జైల్లో పెట్టారు.

ఇక్కడ తేదీలు చూడండి. సరిగ్గా నాలుగు రోజుల ముందు, ఏప్రిల్ 28న, సుప్రీంకోర్టు ఒక తీర్పిచ్చింది. ఎమర్జెన్సీ ఉన్నంతకాలం, నన్నెందుకు నిర్బంధించారని కోర్టుకెళ్ళి అడిగే హక్కు ఎవరికీ లేదంది. ఐదుగురు జడ్జీల్లో కాదన్నది జస్టిస్ హెచ్.ఆర్. ఖన్నా ఒక్కరే. మీసా చట్టం కింద పట్టుకుంటే కారణం కూడా చెప్పక్కర్లేదు. అంటే ఆవిడకి తట్టడానికి ఒక్క తలుపైనా మిగల్లేదు.

ఆవిడకి ఉబ్బసం. ఆ గదిలో అది రోజురోజుకీ ముదిరింది. రాత్రిపూట ఆవిడ కేకలు తన గదిదాకా వినిపించేవని అదే జైల్లో ఉన్న మధు దండావతే తర్వాత రాశారు. అంత జబ్బులోనూ ఆవిడ తోటి ఆడఖైదీల తిండి గురించీ, వాళ్ళకి తగిలే దెబ్బల గురించీ అధికారులతో పోట్లాడారు. ఆ దెబ్బలు ఆగాయని తన డైరీలో రాసుకున్నారు. తెరమీద చంద్రి చేసిన పనికీ దీనికీ నాకు పెద్ద తేడా కనపడదు.

ఎనిమిది నెలల తర్వాత, 1977 జనవరి 15న పెరోల్ మీద ఇంటికి పంపారు. 18న ఇందిరాగాంధీ ఎన్నికలు ప్రకటించారు. 20న స్నేహలత కన్నుమూశారు. బరోడా కేసు చార్జిషీటులో జార్జ్‌తో కలిపి పాతికమంది పేర్లున్నాయి, ఈవిడ పేరు లేదు.

"అది నియంతృత్వం ఎలా అవుతుంది? పార్లమెంటు ఉంది, రాజ్యాంగం ఉంది కదా!" అని కొందరు మిత్రులు అడుగుతారు. ఉన్నాయి. కానీ మీసా కింద 34,988 మందిని లోపలేశారని తర్వాత షా కమిషన్ లెక్కతేల్చింది. ఎన్నికలు వాయిదా వేశారు, పత్రికల మీద సెన్సారు పెట్టారు. ఆవిడని పట్టుకున్న మే నెలలోనే, ప్రభుత్వం చెప్పినట్టు పాడలేదని కిశోర్ కుమార్ పాటల్ని ఆకాశవాణిలో ఆపేశారు.

మా తాతయ్య అబద్ధం చెప్పలేదండీ. స్టేషన్లో రైలు ఆయనకి కనపడింది. జైలు కనపడలేదు. అది చూపించాల్సిన పేపర్లో ఆ వార్త లేదు, చెప్పాల్సిన రేడియో చెప్పలేదు. మంచి మాత్రమే గుర్తుండేలా ఆ జ్ఞాపకాన్నే ఎవరో ముందుగా కత్తిరించి ఇచ్చారు. ఆవిడ డైరీ 1977లో పుస్తకంగా వచ్చింది. ఈ సంగతి తాతయ్యకి చెబుదామంటే ఇప్పుడాయన లేరు.

మీ ఇళ్ళల్లో పెద్దవాళ్ళుంటే ఈ వారం ఫోన్లో అడగండి: "ఆ రోజుల్లో మీకు తెలియకుండా పోయిందేమిటి?" అని. ఏం చెప్పారో మాకూ చెప్పండి. ఇలాంటి కబుర్లు నిర్భయంగా చెప్పుకోడానికే కదా మనకీ రేడియో. ఉంటానండీ, సెలవు.