పదోన్నతియు స్థానచలనమును

రోగి మంచముకడ రాత్రి యెల్ల మేల్కొనియుండు నర్సును మనవారు కొనియాడుట కలదు. దయామూర్తి యందురు, తల్లి యందురు. కాని ఆమెయు ఒక ఉద్యోగి యనియు, ఆమెకును జీతము, జ్యేష్ఠత, పదోన్నతి, బదిలీ అను చిక్కులు కలవనియు తలచువారు కొలదిమంది. పొగడుట సులభము, హక్కు నిచ్చుట కష్టము. ఈ హక్కులకై నడచిన వ్యాజ్యముల చరిత్రను, చిత్తూరు తిరుపతి ప్రాంతములను కనులయెదుట నుంచుకొని, కొంచెము విచారింపదలచితిమి.

చిత్తూరు జిల్లా 1911లో ఏర్పడెను. అప్పటికే పొరుగుననున్న వేలూరులో నర్సుల శిక్షణ మొదలై రెండేండ్లయినది. 1926లో మద్రాసు రాజధానియందు నర్సుల, మంత్రసానుల శాసనము వచ్చి, వారి పేరులు పట్టికల కెక్కెను. వృత్తికి గౌరవము వచ్చెనుగాని ఉద్యోగమునకు రక్షణ రాలేదు. దొరతనమువారి యిష్టమే ఉద్యోగికి చట్టము. 1950 జనవరి 26వ తేదీని రాజ్యాంగము అమలులోనికి వచ్చి, ప్రభుత్వోద్యోగములందు అందరికిని సమానావకాశము కలదని 16వ అధికరణము పలికిన పిదపనే, ఉద్యోగి ప్రభుత్వమును న్యాయస్థానమునకు ఈడ్చుటకు గట్టి ఆధారము దొరకెను.

ఆధారము దొరకెను, న్యాయస్థానమో దూరమయ్యెను. చిత్తూరు వారికి మొదట మద్రాసు హైకోర్టు పొరుగూరివంటిది. 1954లో అది గుంటూరునకును, 1956లో హైదరాబాదునకును, 2019లో అమరావతికిని మారెను. బదిలీలు నర్సులకేకాక న్యాయస్థానములకును కలవని నవ్వుకొనవచ్చును. కాని తిరుపతి రుయా ఆసుపత్రిలో రాత్రివిధి ముగించుకొని, సెలవు కొరకు బతిమాలి, రైలెక్కి హైదరాబాదు పోయి వకీలును చూడవలసిన స్త్రీకి ఇది నవ్వులాట కాదు.

1973 నాటి ఆరుసూత్రముల ఒడంబడికనుండి రాజ్యాంగమున 371-డి అధికరణమును, దానినుండి 1975 నాటి రాష్ట్రపతి యుత్తర్వును పుట్టెను. దానిచే చిత్తూరు, కడప, అనంతపురము, కర్నూలు జిల్లాలు నాలుగవ జోను అయ్యెను. స్టాఫు నర్సు ఉద్యోగము జోనుకు చెందినది. ఎక్కడివారి యుద్యోగములు అక్కడివారికి దక్కవలెనను ఉద్దేశము మంచిదే. కాని కుప్పము మొదలు తుంగభద్ర యొడ్డుననున్న కర్నూలు వరకు ఒకే జోను. తిరుపతిలో కాపురమున్న స్టాఫు నర్సుకు హెడ్ నర్సుగా పదోన్నతి వచ్చునప్పుడు, ఖాళీ కర్నూలులో ఉండవచ్చును. పోయినచో బిడ్డల చదువు, ముసలి అత్తమామల సంరక్షణ చెడును. వదులుకొన్నచో తనకంటె చిన్నది తనకు పైయధికారి యగును. ముందు నుయ్యి, వెనుక గొయ్యి!

ఇట్టి తగవులను తీర్చుటకే 1976లో ఆంధ్రప్రదేశ్ పరిపాలనా ట్రిబ్యునలు స్థాపింపబడెను. అయితే అందొక వింత కలదు. 371-డి అధికరణములోని అయిదవ ఖండము ననుసరించి, ట్రిబ్యునలు తీర్పును మార్చుటకు, రద్దుచేయుటకు రాష్ట్రప్రభుత్వమునకే అధికారముండెను. ఓడిన ప్రతివాదియే తీర్పును కొట్టివేయగలిగినచో వాదికి మిగులునది యేమి? కంచె చేను మేసినట్లు గదా! సాంబమూర్తి వ్యాజ్యమున 1986 చివర సుప్రీంకోర్టు ఆ ఖండమును చెల్లదని త్రోసివేసెను. 1997లో చంద్రకుమార్ వ్యాజ్యమున, ట్రిబ్యునళ్ల తీర్పులను హైకోర్టు విమర్శింపవచ్చునని తేల్చెను. 2020లో ఆంధ్రప్రదేశ్ ట్రిబ్యునలే రద్దయి, వ్యాజ్యములు హైకోర్టున కెక్కెను.

ఇక న్యాయస్థానములు చెప్పినదేమి? 1976లో ఢిల్లీ హైకోర్టు, నర్సింగు శిక్షణలో ఒక పైయుద్యోగమును స్త్రీలకే కేటాయించిన నియమమును, ఒక పురుష నర్సు మొరపై, చెల్లదనెను. సమానత్వము ఇరువైపుల పదునుగల కత్తి యని దీనివలన తెలియుచున్నది. 1979లో ముత్తమ్మగారి వ్యాజ్యమున జస్టిస్ కృష్ణయ్యర్, వివాహితయగు స్త్రీని విదేశాంగసేవనుండి తొలగింపవచ్చునను నియమమును తీవ్రముగ గర్హించిరి. అయినను 1988లో ఒక సైనిక నర్సింగు అధికారిణి పెండ్లి చేసికొన్న నేరమునకు ఉద్యోగము కోల్పోయెను. ఆమెకు 60 లక్షల రూపాయల పరిహారమిమ్మని సుప్రీంకోర్టు ఆజ్ఞాపించినది 2024లో. మధ్య ముప్పదియారు సంవత్సరములు! ఆలస్యమైన న్యాయము పరిహార మీయగలదు, వయస్సు నీయలేదు.

పదోన్నతివిషయమున న్యాయస్థానములు కొంత కఠినముగనే నిలిచినవి: అర్హతగలవారిని పరిశీలింపక త్రోయరాదు, అది మౌలికమగు హక్కు. బదిలీవిషయమున మాత్రము చేతులు ముడుచుకొన్నవి. 1991లో శిల్పీబోసు వ్యాజ్యమున, భర్తలున్న ఊళ్లకు ఉపాధ్యాయినులను ప్రభుత్వము బదిలీ చేయగా, ఆ స్థానములు పోయినవారు మొరపెట్టుకొనిరి. దురుద్దేశమో చట్టవిరోధమో లేనిదే బదిలీలో జోక్యము కూడదని సుప్రీంకోర్టు పలికెను. ఒక స్త్రీకి కలిగిన మేలు వేరొకరికి కీడయ్యెనని గమనింపుడు.

కీలకమిచ్చటనే యున్నదని మా యభిప్రాయము. చట్టము పదవిని ఒక చేతితో కాపాడుచు, స్థానమును ప్రభుత్వము చేతిలో విడిచినది. పురుషునకు ఈ రెండును వేరు కావచ్చును. ఇంటిభారము మోయు స్త్రీకి అవి యొక్కటియే. పోలేని చోటి పదోన్నతి పదోన్నతి కాదు. అది మర్యాదగా పలికిన నిరాకరణము. అయినను ఆమె వ్రాసియిచ్చిన కాగితమును చూచి, తన యిష్టమున వదులుకొన్నదని చట్టము తలచును.

రోగికి నర్సు ఎచ్చటనో ఒకచోట ఉండియే తీరవలయును. కర్నూలు రోగియు మనవాడే. కావున బదిలీలే వలదని మేమనము. జ్యేష్ఠతాపట్టికలను ఏటేట ప్రకటింపవలయును. ఖాళీలన్నిటిని అందరియెదుట నుంచి, వరుస ననుసరించి కోరుకొననిచ్చు కౌన్సిలింగు పద్ధతిని చిత్తశుద్ధితో నడుపవలయును. దూరమునకు పోవువారికి వసతి, తిరిగివచ్చుటకు గడువు ఉండవలయును. ఈ మాత్రమున్నచో వ్యాజ్యములు సగము తగ్గును.

తక్కిన సగము మన యిండ్లలోనే యున్నది. కుమారునికి పదోన్నతి వచ్చినచో మూటలు కట్టుదుము. కోడలికి వచ్చినచో వదులుకొమ్మందుము. ఆమె వ్రాయు ఆ కాగితముపై సంతకము ఆమెదే. వ్రాయించినచేయి ఎవరిదో ప్రతి కుటుంబమును తన్ను తాను ప్రశ్నించుకొనుగాక!