సంత ముగిసిన పిమ్మట

తిరునాళ్ల మరునాడు ఆ తావును చూచినవారికి మేము చెప్పబోవు సంగతి సులభముగా బోధపడును. పందిళ్లు విప్పుదురు, అంగళ్లు తరలిపోవును, అంతటి కోలాహలమునకు గుర్తుగా గుంజలు పాతిన గుంటలు మాత్రమే మిగులును. వ్యాపార ప్రదర్శనలును అట్టివే. అమెరికాలో కంప్యూటరు పరిశోధనాలయముల గడప దాటి ఇండ్లలోనికి వచ్చిన కథలో చాల భాగము ఇట్టి ప్రదర్శనలయందే నడచినది. ఆ దృశ్యములు నేటికిని చూడ లభించుచున్నవన్న, అందులకు ఒక చిన్న టెలివిజను కేంద్రము చేసిన పని ముఖ్య కారణము.

1977 ఏప్రిలులో శాన్‌ఫ్రాన్సిస్కో నగరమున జిమ్ వారెన్ మొదలగువారు వెస్ట్ కోస్ట్ కంప్యూటర్ ఫెయిర్ అను ప్రదర్శన నడపిరి. రెండు దినములలో 12 వేలమందికి పైగా వచ్చిరి. ఆపిల్ 2 యంత్రమును ప్రజలు తొలిసారి చూచినది అచ్చటనే. 1979 డిసెంబరులో లాస్‌వేగాస్ నగరమున కామ్‌డెక్స్ అను మరియొక ప్రదర్శన ఆరంభమయ్యెను. తొలి ఏట దానికి వచ్చినవారు 4 వేలకు లోపు. 1990ల చివరకు ఆ సంఖ్య 2 లక్షలు దాటెను.

ఈ జాతరలోనికి కెమెరాతో ప్రవేశించినవాడు స్టూవర్ట్ షెఫే. ఆయన కాలిఫోర్నియాలోని శాన్ మాటియో కళాశాలకు చెందిన కె.సి.ఎస్.ఎం. టెలివిజను కేంద్రపు నిర్వాహకుడు. 1981లో 'కంప్యూటర్ క్రానికల్స్' అను వారపు కార్యక్రమమును ప్రారంభించెను. పైన పేర్కొన్న జిమ్ వారెనే దానికి తొలి వ్యాఖ్యాత. 1983 నుండి షెఫే స్వయముగా ఆ బాధ్యత వహింపగా కార్యక్రమము దేశమంతట ప్రసారమై, 2002 వరకు సాగినది. యంత్రమును చేసినవారిచేతనే దానిని నడిపించి చూపుట, సామాన్య గృహస్థుడు అడుగదగిన ప్రశ్నలనే అడుగుట, ఇదియే ఆయన పద్ధతి.

ఇట్టి చిత్రములకు గ్రంథములలో లేని గుణమొకటి కలదు. గ్రంథకర్త గెలిచినవానిని ఎరిగి వ్రాయును. కెమెరాకు మరునాటి సంగతి తెలియదు. 1982 కామ్‌డెక్స్‌లో విజికార్ప్ సంస్థవారు తెరమీద కిటికీలు తెరచి చూపిన విజిఆన్ అందరను ఆకర్షించినది. అమ్మకమునకు వచ్చిన పిదప నిలువలేదు. 1983 నవంబరులో మైక్రోసాఫ్ట్ ప్రకటించిన విండోస్ కొనువారి చేతికందుటకు 1985 నవంబరు వరకు పట్టినది. నాటి ఆశ, నాటి డంబము, నాటి సందేహము ఆనాటి ముఖములయందే కనబడవలెను.

గేరీ కిల్డాల్ సంగతి మరింత మనసునకు తగులును. చిన్న కంప్యూటర్లకు సి.పి.ఎం. అను ఆపరేటింగు సిస్టమును 1970లలో రచించిన ఉపాధ్యాయుడాయన. 1981లో ఐ.బి.ఎం. వారి పర్సనల్ కంప్యూటరుతో మైక్రోసాఫ్ట్ డాస్ ప్రబలుటచే ఆయన పేరు మరుగునపడినది. అయినను 1980లలో షెఫే ప్రక్కన కూర్చుండి, అతిథులను ప్రశ్నించుచు, క్రొత్త యంత్రముల మర్మము విప్పి చెప్పినవాడు ఆయనే. 1994లో 52వ ఏట మరణించెను. మరుసటి ఏడు ఆ కార్యక్రమమువారు ఆయన స్మృతికై ప్రత్యేక సంచిక ప్రసారము చేసిరి. వ్యాపారమున వెనుకబడిన మనిషి, ఆ టేపులలో తన ముఖముతో, తన గొంతుతో నిలిచియున్నాడు.

లాస్‌వేగాస్ నగరమున కామ్‌డెక్స్ 2003 తరువాత జరుగలేదు. కంప్యూటర్ క్రానికల్స్ సంచికలలో అధికభాగము ఇంటర్నెట్ ఆర్కైవ్ అను గ్రంథాలయమున చేరినవి. ఎవరైనను ఉచితముగా చూడవచ్చును.

ఇది వ్రాయుచున్న మాకు గర్వముకంటె సిగ్గే ఎక్కువగా కలుగుచున్నది. ఉద్యోగమున చేరిన తొలి రోజులలో ఒక వ్యవసాయ ప్రదర్శనకు టేపు రికార్డరుతో పోయితిమి. ఒక వృద్ధ రైతు తాను చేసిన విత్తనపు గొర్రును నడిపి చూపుచు, దాని లోపములను గూడ తానే చెప్పి నవ్వెను. అది ప్రసారమైనది. ఆ వారమే అదే టేపుమీద మరియొక కార్యక్రమమును ముద్రించితిమి. టేపునకు వెల కలదని మాకు తెలియును. ఆ నవ్వునకు వెల కలదని అప్పుడు తోచలేదు. ఇప్పుడు ఏ ముద్రణమునైనను చెరుపుటకు ముందు ఒక్క క్షణము చేయి ఆపి, ఆ ముసలివానిని తలచుకొందుము.